విషవైద్యుడు

గురజాల నుంచి రెంటచింతల వెళ్ళే దారికి కొంచెం ఎడంగా, నాపరాళ్ళ గనుల పక్కన రాళ్ళమడుగు అని ఒక ఊరు. పేరులో మడుగు ఉంది గానీ ఊళ్ళో ఉన్నవి రాళ్ళే. గోడలు నాపరాయి, కప్పులు నాపరాయి, అరుగులు నాపరాయి. ఎండాకాలం మధ్యాహ్నం పూట ఆ అరుగు మీద తెలియక కూర్చున్న పొరుగూరివాడు, తర్వాత కొన్నాళ్ళు ఏ అరుగు మీదా కూర్చోడు. ఈ ఊరి ప్రజల ఆరోగ్యాన్ని రెండో ప్రపంచ యుద్ధకాలమంతా ఒంటిచేత్తో మోసినవాడు కాంపౌండరు బసవపున్నయ్య. మోసేటప్పుడు అది అక్కడక్కడా చెయ్యిజారి సొట్టలు పడిన మాట వాస్తవమే గానీ, మోయలేదని మాత్రం ఎవరూ అనలేరు.

బసవపున్నయ్యది క్రోసూరు. చిన్నతనంలో నరసరావుపేటలో ఒక డాక్టరుగారి దగ్గర సీసాలు కడిగే పనికి కుదిరాడు. కడగ్గా కడగ్గా వాటి మీది పేర్లు చదవడం వచ్చింది. పేర్లు చదవడం వచ్చాక లోపలివి కలపడం వచ్చింది. కలపడం వచ్చాక డాక్టరుగారు అంత డబ్బు తగలేసి మద్రాసులో ఏం చదివారో అతనికి బోధపడలేదు. ఆయన కాలం చేసినప్పుడు కొడుకులు ఇల్లూ పొలమూ పంచుకున్నారు. బసవపున్నయ్యకు ఒక గాజు పిచికారీ, దాని సూదులు, ఒక తోలుసంచీ దక్కాయి. అడిగి తీసుకున్నాడా, అడక్కుండా తీసుకున్నాడా అన్నది ఆ కుటుంబానికి సంబంధించిన అంతరంగిక విషయం కనుక మనకు అనవసరం.

భార్య రత్తమ్మది రాళ్ళమడుగు. అందుచేత అతను ఆ ఊరికి ముందు అల్లుడు, ఆ తర్వాత వైద్యుడు. మామగారి అరుగు మీద తోలుసంచీ దించిన నాటి నుంచీ అతనికి ఒకే ఒక్క కోరిక. ఎవరో ఒకరు, ఎప్పుడో ఒకప్పుడు తనను "డాక్టరుగారూ" అని పిలవాలి. ఊరు అతన్ని బావా అంది, అల్లుడా అంది, అన్నయ్యా అంది, చాటున సూదులాయన అంది. డాక్టరు మాత్రం అనలేదు. మర్యాదగా పిలవాలనుకున్నవాళ్ళు కూడా కాంపౌండరు అనే మాట నోరు తిరగక "కంపోండ్రు" అనేవాళ్ళు. ఆ మాటకు సంధి విడదీస్తే కంపు ఒకటీ, ఓండ్ర ఒకటీ తేలతాయని బసవపున్నయ్య తెలుసుకున్నాడు. అప్పటి నుంచి అలా పిలిస్తే పలికేవాడు కాదు.

అతని వైద్యంలో దాపరికం లేదు, అంతా అరుగు మీదే. చలిజ్వరానికి కొయినా సూది, అంటే క్వినైను, నీరసానికి బలం సూది. మందులు వేరైనా సూది ఒకటే. మొన మొద్దుబారితే గడప రాయి మీద నాలుగు తిప్పులు తిప్పి కొడవలి నూరినట్టు నూరేవాడు. కండువా అంచుతో తుడిచి, కళ్ళకద్దుకుని, "మిరప తోటకి తెగులు తగ్గిందా మామా" అని ఆప్యాయంగా అడుగుతూ జబ్బలోకి దించేవాడు. మిరపతోట సంగతి పూర్తయ్యేలోగా మందు పూర్తయ్యేది. కొన్నాళ్ళకు దించినచోట గడ్డ లేచేది.

ఇక్కడ రాళ్ళమడుగు వైద్యశాస్త్రం గురించి ఒక ముక్క చెప్పుకోవాలి. సూది వేసినచోట గడ్డ లేస్తే మందు ఒంటికి పట్టినట్టు. లేవకపోతే అది నీళ్ళమందు, వేసినవాడు మోసగాడు. బసవపున్నయ్య వేసిన సూదికి గడ్డ లేవకపోవడం అరుదు. నరసరావుపేటలో పెద్ద డాక్టరుగారు సూదిని వేణ్ణీళ్ళలో మరిగించడం అతను కళ్ళారా చూసినవాడే. అయితే దాన్ని, బూట్లు వేసుకోవడం, ఫోర్కుతో తినడం లాంటి గొప్పవాళ్ళ అలవాట్లలో జమకట్టాడు. మరిగించని సూదికే ఊళ్ళో ఇంత పేరు వచ్చాక, ఇక మరిగించడం ఎందుకు?

ఈ హస్తవాసికి ఊళ్ళో నిలువెత్తు సాక్ష్యం మంగమ్మ కుడిచెయ్యి. కిందటి ఏడు చలిజ్వరానికి ఆమెకు పడిన కొయినా సూది, గుమ్మడికాయంత గడ్డగా లేచి, పగిలి, మానింది. మానిన తర్వాత ఆ చెయ్యి భుజం దాటి పైకి లేవడం మానేసింది. చెయ్యి లేవని ఆడమనిషి కొప్పు ముడుచుకోలేదు. కాబట్టి ఆ పని ఆమె మొగుడు హనుమంతుకు వచ్చింది. హనుమంతు నాపరాళ్ళ బండి తోలేవాడు. అతనికి తెలిసిన ముడి ఒక్కటే. రోజూ పొద్దున్నే భార్య జుట్టును రాళ్ళ బండికి పగ్గం బిగించినట్టు బిగించి, ఊడుతుందేమోనని ఒకసారి లాగి చూసి మరీ వదిలేవాడు. వీధిలో ఆడవాళ్ళు ఆ కొప్పును చూసి, "ఏం మంగమ్మా, ఇయ్యాల లోడు ఎక్కడికే?" అని అడిగేవాళ్ళు. మంగమ్మ ఏమీ అనేది కాదు. బసవపున్నయ్య అరుగు ముందు నుంచి వెళ్ళేటప్పుడు మాత్రం కొప్పు అటువైపు తిప్పి నడిచేది.

ఇక రత్తమ్మ సంగతి. పెళ్ళయినప్పటి నుంచి ఆమె మొగుడి చేత సూది వేయించుకోలేదు. ఆమెకు జ్వరం రాక కాదు. వచ్చినప్పుడల్లా పొయ్యి ముందు కూర్చునేది. "ఒళ్ళు కాలుతుందేమే?" అని అతను అడిగితే, "పొయ్యి ముందు కూర్చుంటే ఒళ్ళు కాలక చల్లగా ఉంటదా?" అనేది. చలిజ్వరాల కాలంలో ఆ ఇంట్లో మూడుపూటలా వంట జరిగేది.

ఇలా రోజులు గడుస్తుండగా, యుద్ధం చివరికొచ్చిన కాలంలో, ఒకనాడు ఊళ్ళోకి ఒక వ్యాను వచ్చింది. మద్రాసు నుంచి ప్రచారం కోసం వచ్చిన వ్యాను. అందులో తెర, బొమ్మలు చూపే మిషను, దాన్ని తిప్పే ఇంజను, వీటన్నిటి మీదా అధికారిగా మల్లికార్జునరావుగారు ఉన్నారు. ఆయన బి.ఏ. పాసయినవారు. వ్యావహారిక భాష అంటే ఆయనకు, చద్దన్నం అంటే జమీందారుకు ఉండేంత గౌరవం ఉండేది.

కుర్చీ కోసం, తెర కట్టడానికి చోటు కోసం ఆయన ఊళ్ళో చదువుకున్నవాణ్ణి అడిగితే బసవపున్నయ్యను చూపించారు.

"తమరు వైద్యులా? సంతోషం. ఈ చిత్రం తమవంటివారు తప్పక చూడదగినది" అన్నారు మల్లికార్జునరావుగారు. "చదువులేక, శుభ్రత లేక, ప్రజలను సూదులతో పొడిచి చంపే వైద్యుల గురించి. చివరికి వాణ్ణి పోలీసులు పట్టుకుపోతారు."

బసవపున్నయ్య కండువా సర్దుకున్నాడు. "ఆ తీసినాయన మన పక్క ఊర్లకి ఏమన్నా వచ్చిపోయాడా అండీ?" అని అడిగాడు.

"అబ్బే, మద్రాసులో తీసినదే."

మద్రాసు దాకా తన పేరు వెళ్ళిందేమోనని అతనికి ఒక క్షణం గర్వం కూడా కలిగింది. తర్వాత భయమే మిగిలింది. అతనికి భూమి లేదు, వేరే పని రాదు, ఉన్నదల్లా పేరు. ఆ పేరు ఈ సాయంత్రం గుడ్డ మీద బొమ్మగా పడి చిరిగిపోబోతోంది. ఇంటికి వెళ్ళి, తలనొప్పిగా ఉందని పడుకున్నాడు. రత్తమ్మ, "అయితే సూది వేసుకో" అంది. లేచి ప్రదర్శనకు వెళ్ళాడు.

చీకటి పడగానే ఊరంతా చేరింది. వైద్యుడు కదా అని బసవపున్నయ్యను ముందు వరసలో కుర్చీ వేసి కూర్చోబెట్టారు. పారిపోవడానికి అంతకంటే అనువుగాని చోటు లేదు. బొమ్మ మొదలయింది. తీరా చూస్తే పెట్టెలో వచ్చినది అరవ బొమ్మ. తెర మీది మనుషులు దబదబా అరవంలో మాట్లాడటం మొదలు పెట్టేసరికి, మల్లికార్జునరావుగారు వాళ్ళ నోరు కట్టించి, మైకు తీసుకుని తామే తెలుగులో చెప్పసాగారు.

తెర మీది దుర్మార్గపు వైద్యుడికి మెల్లకన్ను, పైకి మెలితిరిగిన మీసం. సూది చేతిలోకి తీసుకున్నప్పుడల్లా పళ్ళు బయటపెట్టి నవ్వుతున్నాడు. బసవపున్నయ్యకు పోయిన ప్రాణం సగం తిరిగి వచ్చింది. తన కళ్ళు రెండూ తిన్నగా ఉన్నాయి. తాను సూది వేసేటప్పుడు ఏనాడూ నవ్వలేదు. పైగా మిరపతోట సంగతి అడుగుతాడు. వీడెవడో వేరే జాతి, చెడుపు చేయడానికే పుట్టినవాడు అనుకుని కుర్చీలో వెనక్కి జారబడ్డాడు.

అంతలో తెర మీది వైద్యుడు సూదిని కండువా అంచుతో తుడిచాడు.

బసవపున్నయ్య చెయ్యి తనకు తెలియకుండానే భుజం మీది కండువాను మడిచి చంకలో దాచింది. మెల్లకన్ను తీసేస్తే, మీసం తీసేస్తే, నవ్వు తీసేస్తే, మిగిలినది తానే. బొమ్మ తీసినాయనకు మనిషి మొహం తెలియదు గానీ పని మాత్రం బాగా తెలుసు.

తర్వాత ఆ సూది మొనను గుమ్మడిపండంత చేసి చూపించారు. దాని నిండా వానపాముల్లాంటివి గిలగిలా ఈదుతున్నాయి. బసవపున్నయ్య కళ్ళు తెర మీదే నిలిచిపోయాయి. పెద్ద డాక్టరుగారు వేణ్ణీళ్ళు ఎందుకు పెట్టించేవారో అతనికి అప్పుడు, ఆ ఊరందరి మధ్య, కుర్చీలో, తెలిసింది.

వెనక నుంచి చిన్నకోటయ్య గొంతు వినిపించింది. ఊళ్ళో పెద్దవాడు, ఏ విషయం మీదనైనా మొదటి మాటా చివరి మాటా ఆయనదే. "చూశార్రా, మందులో జీవం ఎట్టా కదులుతుందో. చచ్చుమందు అయితే కదలదు."

అసలు అనర్థం ఆ తర్వాత జరిగింది. ఈ దుర్మార్గపు వైద్యుణ్ణి తెలుగులో ఏమనాలా అని మల్లికార్జునరావుగారు పిడుగురాళ్ళ దాటినప్పటి నుంచి వ్యానులో ఆలోచిస్తూ వచ్చారు. దొంగ వైద్యుడంటే సంతలో మాటగా ఉంది. కూటవైద్యుడంటే తమకే తెలియలేదు. విషము వంటి వైద్యుడు కనుక విషవైద్యుడు. సమాసం కుదిరింది, వ్యాకరణం ఒప్పుకుంది. ఆయన గొంతు సవరించుకుని గంభీరంగా అన్నారు. "మహాజనులారా, ఇతడే విషవైద్యుడు. ఇతని హస్తమహిమను తిలకింపుడు."

ఆ మాట రాళ్ళమడుగులో అప్పటికే వేరే ఉద్యోగంలో ఉందని ఆయనకు తెలియదు. నాపరాళ్ళ సందుల్లో పాములూ తేళ్ళూ కాపురముండే ఆ సీమలో విషవైద్యుడంటే కరిచిన విషాన్ని దించేవాడు, చావబోయేవాణ్ణి లేపి కూర్చోబెట్టేవాడు. వెనకటి విషవైద్యుడు పోయి చాలా కాలమయింది. ఆ ఆసనం ఖాళీగా ఉంది.

జనం సర్దుకుని కూర్చున్నారు. మగవాళ్ళు నోట్లోంచి చుట్టలు తీశారు. తెర మీది రోగి జబ్బ మీద గడ్డ లేచింది. సభలో తృప్తిగా ఒక నిట్టూర్పు వినిపించింది.

"పట్టింది" అన్నాడు హనుమంతు.

"మా అల్లుడు వేసినట్టే లేచింది" అన్నాడు చిన్నకోటయ్య.

తర్వాత తెల్లకోటు వేసుకున్న మంచి డాక్టరు వచ్చాడు. స్టవ్వు వెలిగించి, గిన్నెలో నీళ్ళు పెట్టాడు.

"అవతల మనిషి మూలుగుతుంటే వీడేంది, కాఫీ పెట్టుకుంటున్నాడు?" అని ఒకడు అడిగాడు.

"తెల్లకోటు గదా, కాఫీ లేకపోతే చెయ్యి లేవదు" అన్నాడు చిన్నకోటయ్య.

తెల్లకోటాయన కాఫీ నీళ్ళలో నుంచి సూది తీసి వేశాడు. గడ్డ లేవలేదు. రోగి లేచి నడిచాడు. దీనికి చిన్నకోటయ్య చెప్పిన వ్యాఖ్యానం ఏమిటంటే, ముందాయన వేసిన మందు ఇప్పటికి పట్టింది, పేరు మాత్రం ఈ కాఫీ ఆయన కొట్టేశాడు. చివర పోలీసులు వచ్చి విషవైద్యుణ్ణి చెరోపక్కా నిలబడి కారు ఎక్కించారు. రాళ్ళమడుగులో అప్పటివరకూ ఎవరూ కారు ఎక్కలేదు. జవాన్లను వెంటబెట్టి కారులో తీసుకుపోయారంటే కలెక్టరుగారు పిలిపించి ఉంటారని, శాలువా కప్పుతారని అందరికీ ఏకాభిప్రాయం కుదిరింది.

మల్లికార్జునరావుగారు ఉపసంహరించారు. "కావున మహాజనులారా, ఇట్టి విషవైద్యుడు మీ గ్రామమందును ఉండవచ్చును. అతనిని గుర్తింపుడు."

ఊరు ఊరంతా తలలు తిప్పి బసవపున్నయ్యను చూసింది.

అతను లేచాడు. ఇక దాచి లాభం లేదని చేతులు జోడించి, "తప్పయింది" అనబోయాడు. అనేలోపల చప్పట్లు మోగాయి. చిన్నకోటయ్య వచ్చి భుజం తట్టి, "మా ఊరి విషవైద్యుడండీ ఈయన" అని అధికారిగారికి చూపించాడు. మల్లికార్జునరావుగారు బసవపున్నయ్య వంకా, అతన్ని భుజాల మీదికి ఎత్తబోతున్న జనం వంకా చూసి, చాలాసేపు ఆలోచించి, ఆ ఊళ్ళో భోజనం చేయకుండానే వ్యాను ఎక్కారు.

ఆ తర్వాత కొన్నాళ్ళు బసవపున్నయ్య జీవితం వైభవంగా గడిచింది. పక్క ఊళ్ళ నుంచి బండ్లు కట్టుకుని వచ్చారు. అతను రోజూ పొద్దున్నే సూదిని వెలుగుకు పెట్టి చూసేవాడు. ఏమీ కనిపించేది కాదు. కానీ అవి అక్కడ ఉన్నాయనీ, ఈదుతున్నాయనీ ఇప్పుడు అతనికి తెలుసు. రేపటి నుంచి వేణ్ణీళ్ళు పెట్టాలనుకునేవాడు. అయితే గడ్డ లేవదు. గడ్డ లేవకపోతే ఈ బండ్లు రావు. అందుచేత కండువాతో రెండుసార్లు తుడిచేవాడు. రేపు అనేది రోజూ ఒక రోజు దూరంలోనే ఉండేది.

ఒకనాడు మధ్యాహ్నం మంగమ్మ పొయ్యి రాయి కోసం ఇంటి వెనక నాపరాతి పలక ఒకటి లేపింది. కింద రక్తపింజరి ఉంది. పాదం మీద కరిచింది. హనుమంతు పామును కొట్టి కర్రకు వేలాడేసుకుని, భార్యను మంచం మీద వేయించి, నేరుగా బసవపున్నయ్య అరుగు ముందు దించాడు. ఊరు వెనకే వచ్చింది. పనులు మానుకుని రాదగిన సంఘటనే. విషవైద్యుడి దగ్గరికి మొదటి విషం వచ్చింది.

"బావా, ఇక నీదే భారం" అన్నాడు హనుమంతు. మొహంలో భయం లేదు.

పాదం అప్పటికే వాచింది. చిన్నకోటయ్య వంగి చూసి, "పొంగింది. మంచిదే" అన్నాడు.

వాపు చూసి బసవపున్నయ్య భయపడటం అదే మొదటిసారి. అది పాదం దాటి మడమకు, మడమ దాటి పిక్కకు ఎక్కుతోంది. మంగమ్మ పళ్ళు బిగించుకుని అతని మొహంలోకే చూస్తోంది. నాకు ఈ వైద్యం రాదు అని ఒక్క మాట అంటే చాలు. ఆ మాట నాలుక చివరి దాకా వచ్చి, ఊరి మొహం చూసి, వెనక్కి వెళ్ళిపోయింది.

"దీని మందు నా దగ్గర అయిపోయింది. యుద్ధం గదా" అన్నాడు. "గురజాల ఆస్పత్రిలో ఉంటది. బండి కట్టు బావా, నేనూ వస్తా. కాలు కదలనియ్యొద్దు."

బండి కట్టేలోగా రత్తమ్మ గుమ్మంలోకి వచ్చి, మొగుడికి మాత్రమే వినపడేట్టు, "ఆ సంచీ ఇక్కడ పెట్టి పో" అంది.

"సంచీ లేకపోతే ఎట్టనే?"

"అది ఉంటేనే భయంగా ఉంది."

అతను సంచీ తీసుకునే వెళ్ళాడు. సంచీ లేకుండా బయట కనిపిస్తే తనను తానే గుర్తుపట్టలేడు. రాళ్ళ బండి రాళ్ళ దారిలో ఎంత వేగంగా పోగలదో అంత వేగంగా పోయింది. దారి పొడుగునా హనుమంతు ఎద్దులను తిడుతూ, మధ్యమధ్య వెనక్కి తిరిగి, "నువ్వుండగా నాకేం దిగులు లేదు బావా" అంటున్నాడు. ఆ మాట అన్నప్పుడల్లా బసవపున్నయ్యకు బండి చక్రం తన మీదుగా వెళ్ళినట్టు ఉండేది.

గురజాల ఆస్పత్రిలో డాక్టరు ఆరోగ్యస్వామిగారు ఉన్నారు. రెంటచింతల మనిషి, నెమ్మదస్థుడు. చచ్చిన పామును చూశారు, కాలు చూశారు, విరుగుడు మందు ఉందన్నారు. తెల్లకోటు తొడుక్కుని, స్టవ్వు వెలిగించి, గిన్నెలో నీళ్ళు పోశారు.

వెనక బండిలో వచ్చిన చిన్నకోటయ్య గుమ్మంలో ఆగిపోయాడు. "ఒరేయ్ హనుమంతూ" అన్నాడు నెమ్మదిగా. "తెల్లకోటు."

హనుమంతు చూశాడు. తెల్లకోటు. స్టవ్వు. నీళ్ళు. బొమ్మలో చూసినవాడే. ఎదుటివాడి పేరు కొట్టేసేవాడు.

"కాఫీలు తర్వాత తాగొచ్చు గదయ్యా" అన్నాడు.

ఆరోగ్యస్వామిగారికి అర్థం కాలేదు. "కాఫీ ఏమిటి? సూది మరిగిస్తున్నాను."

"మాకన్నీ తెలుసులే" అంటూ చిన్నకోటయ్య మంచానికి అడ్డంగా నిలబడ్డాడు. "మందు ఇచ్చెయ్యి, చాలు. సూది మా మనిషి వేస్తాడు. మేం మా విషవైద్యుణ్ణి వెంటబెట్టుకునే వచ్చాం."

"అవును, మా బావ వేస్తేనే వేయించేది" అని హనుమంతు బసవపున్నయ్యను ముందుకు నెట్టాడు. "తియ్యి బావా నీ సూది."

గిన్నెలో నీళ్ళు సన్నగా కూత మొదలుపెట్టాయి. బసవపున్నయ్య చేతిలో తోలుసంచీ ఉంది. సంచీలో ఆ పొద్దున గడప మీద నూరిన సూది ఉంది. అసలైన డాక్టరు ఎదురుగా, ఊరి పెద్ద నోటితో, నువ్వే వెయ్యి అంటున్నారు. ఇంతకంటే గొప్ప రోజు అతని జీవితంలో మళ్ళీ రాదు.

ఆరోగ్యస్వామిగారు అతన్ని చూసి, మర్యాదగా అడిగారు. "తమరు డాక్టరా అండీ?"

ఎన్నో ఏళ్ళుగా ఆ మాట తనకు తగిలించి ఎవరైనా అంటే వినాలని ఎదురుచూశాడు. ఇవాళ అన్నారు, కానీ ప్రశ్నగా అన్నారు. బసవపున్నయ్య స్టవ్వు వంక చూశాడు. వాపు వంక చూశాడు. మంగమ్మ తల కింద ఆ కొప్పు, దానికి హనుమంతు పొద్దున బిగించిన బండిముడి, ఇంత దూరం కుదుపులకు కూడా ఊడకుండా అలాగే ఉంది.

"కాదండీ" అన్నాడు.

"అదేంది బావా" అన్నాడు హనుమంతు.

"కాదు బావా. పాము మందు నాకు తెలియదు. ఆ బొమ్మలో పోలీసోళ్ళు పట్టుకుపోయింది దొంగని. నీళ్ళు కాచినాయనే అసలు డాక్టరు. అధికారి విషవైద్యుడన్నది తిట్టు, పొగడ్త కాదు."

"నీకెట్టా తెలుసు?" అన్నాడు చిన్నకోటయ్య.

"ఆ దొంగ ఏం చేశాడో నేనూ అదే చేస్తున్నా గదా మామా, నాకు తెలియదా?"

గిన్నెలో నీళ్ళు తెర్లాయి. అప్పుడు మంచం మీది నుంచి మంగమ్మ గొంతు వచ్చింది. కిందటి ఏటి నుంచి దాచిపెట్టిన గొంతు.

"ఆ ముక్క పోయినేడు చెప్పుంటే నా కొప్పు నేనే ముడుచుకునేదాన్ని గదన్నయ్యా."

బసవపున్నయ్య తల వంచుకున్నాడు.

"అడ్డం లే పెద్దాయనా" అని మంగమ్మ చిన్నకోటయ్యతో అంది. "డాక్టరుగారూ, నీ కాఫీ కాగిందా? ఈ ఎడమచెయ్యి బాగుంది, దీనికెయ్యి. ఆయన సంచీ మాత్రం బయట పెట్టించు."

సంచీని బసవపున్నయ్య తానే తీసుకెళ్ళి బయట పెట్టాడు. అక్కడే గోడకు ఆనుకుని, లోపలి నుంచి కబురు వచ్చేదాకా కూర్చున్నాడు. కబురు మంచిదే వచ్చింది. మంగమ్మ కొన్నాళ్ళు ఆస్పత్రిలో ఉండి, కుంటుతూ, తిడుతూ, బతికి బయటపడింది.

ఇక తన పని అయిపోయిందని బసవపున్నయ్య అనుకున్నాడు. ఊరికి తిరిగి వచ్చి, తలుపు వేసుకుని కూర్చున్నాడు. క్రోసూరు వెళ్ళి ఏ కొట్లోనైనా పొట్లాలు కట్టుకుని బతుకుదామని రత్తమ్మతో అన్నాడు. కానీ రాళ్ళమడుగును అంత తేలిగ్గా ఒప్పించడం ఎవరి తరమూ కాదు. ఆస్పత్రిలో జరిగినదానికి చిన్నకోటయ్య అప్పటికే వ్యాఖ్యానం సిద్ధం చేశాడు. ఆరోగ్యస్వామిగారు వేసిన సూది దగ్గర గడ్డ లేవలేదు. దాన్ని అందరూ చూశారు. కాబట్టి మందు పట్టలేదు. పట్టని మందుతో మనిషి ఎలా బతుకుతుంది? పక్కన విషవైద్యుడు ఉన్నాడు కనుక బతికింది. మరి తాను డాక్టరు కాదని అతనే అన్నాడే అంటే, "పెద్ద చదువులాయన ముందు అణకువ. మా అల్లుడికి మొదటి నుంచీ అణకువ ఎక్కువ" అన్నాడు.

నిజం చెప్పినా పోని పేరును ఏం చేసుకోవాలో బసవపున్నయ్యకు తెలియలేదు. మళ్ళీ అరుగు మీద కూర్చున్నాడు. కానీ ఈసారి అతను రత్తమ్మ కూరగిన్నె ఒకటి తీసుకుని, నీళ్ళు పోసి, కట్టెల పొయ్యి మీద పెట్టి, సూదిని అందులో వేశాడు.

"ఇంట్లో పప్పు ఉడకట్లేదు గానీ సూదులు ఉడుకుతున్నయ్" అంది రత్తమ్మ. అని, ఇంకో కట్టె తెచ్చి పొయ్యిలోకి నెట్టింది. ఆ చలికాలం జ్వరం వచ్చినప్పుడు పొయ్యి ముందు కూర్చోకుండా, జబ్బ మీది చీర తొలగించి మొగుడి ముందు కూర్చుంది. అతను తీయబోయిన సూదిని మళ్ళీ గిన్నెలో వేశాడు. ఇంకోసారి తెర్లాకే తీశాడు.

ఊళ్ళో మాత్రం కష్టకాలం మొదలయింది. గడ్డలు లేవడం మానేశాయి. సూది వేయించుకున్నవాళ్ళు పొద్దున్నే లేచి జబ్బ తడుముకుని, నున్నగా ఉండటం చూసి, దిగులుపడేవాళ్ళు. "చెయ్యి వాసి తగ్గింది బావకి" అన్నాడు హనుమంతు జాలిగా. "వయసు మీద పడితే అంతేరా" అన్నాడు చిన్నకోటయ్య. బండ్లు పలచబడ్డాయి. గట్టి గడ్డ కావాలనుకున్నవాళ్ళు వేరే ఊళ్ళో ఎవడో ఉన్నాడని తెలుసుకుని అటు వెళ్ళిపోయారు. మిగిలినవాళ్ళు జ్వరం తగ్గినా పెద్దగా సంతోషించకుండా, అల్లుడని మొహమాటపడి వచ్చేవాళ్ళు.

మంగమ్మ కుడిచెయ్యి ఆ తర్వాతా పైకి లేవలేదు. హనుమంతు రోజూ పొద్దున్నే పగ్గం బిగించినట్టు కొప్పు బిగించి, లాగి చూసి, వదులుతూనే ఉన్నాడు. ఆమె గనికి కూడు తీసుకుని బసవపున్నయ్య అరుగు ముందు నుంచి వెళ్ళేటప్పుడు, ఇదివరకటిలా కొప్పు తిప్పి నడిచిపోకుండా, ఆగేది. పొయ్యి వంక, గిన్నె వంక, అతని భుజం మీది కండువా వంక పరీక్షగా చూసేది.

"ఏంది డాక్టరుగారూ, నీళ్ళు కాగినయ్యా?"

ఊరంతటిలోకీ ఆ మాటతో పిలిచే మనిషి ఆమె ఒక్కతే. అందులో వెక్కిరింపు ఎంతో, మన్నింపు ఎంతో అతను తేల్చుకోలేకపోయేవాడు. గిన్నె మీది మూత తీసి, ఆవిరి ఆమెకు కనిపించేట్టు పక్కకు జరిగేవాడు.

"కాగుతున్నయ్ మంగమ్మా. చూడు."

ఆమె చూసి, సరేనన్నట్టు తల ఊపి, వెళ్ళేది. నీళ్ళు తెర్లేదాకా సూది జోలికి పోకుండా, అతను కట్టె ఎగదోస్తూ కూర్చునేవాడు.